పిండం అయిదో రోజు కథ

అండం, శుక్రకణం కలిసేది గర్భాశయంలో కాదు, ఫాలోపియన్ నాళంలోని ఆంపుల్లాలో. ఎక్కువమంది తప్పుగా గుర్తించే బిట్ ఇదే. ఐవీఎఫ్‌లో ఆ కలయిక ప్రయోగశాల పాత్రలో జరుగుతుంది. అలా ఏర్పడిన సంయుక్తబీజం విభజన చెంది మూడో రోజుకు సుమారు 8 కణాలు, నాలుగో రోజుకు మారులా, అయిదో రోజుకు బ్లాస్టోసిస్ట్ అవుతుంది. దాని వెలుపలి ట్రోఫోబ్లాస్ట్ జరాయువుకు, లోపలి కణ సమూహం పిండానికి మూలం. జతపరిచే ప్రశ్నల్లో వీటినే తారుమారు చేస్తారు, జాగ్రత్త!

జోనా పెల్లుసిడా పొరను చీల్చుకుని బయటపడ్డాకే బ్లాస్టోసిస్ట్ గర్భాశయం లోపలి పొర ఎండోమెట్రియానికి అతుక్కుంటుంది. ఇదే ప్రతిస్థాపన. ట్రోఫోబ్లాస్ట్ విడుదల చేసే హెచ్‌సీజీ హార్మోనే గర్భనిర్ధారణ పరీక్షకు ఆధారం.

తొలి టెస్ట్‌ట్యూబ్ శిశువు లూయిస్ బ్రౌన్: 25 జులై 1978, ఓల్డ్‌హామ్, ఇంగ్లండ్. ఐవీఎఫ్ పద్ధతిని రూపొందించిన రాబర్ట్ ఎడ్వర్డ్స్‌కు 2010లో నోబెల్ వచ్చింది. సహచరుడు ప్యాట్రిక్ స్టెప్టో 1988లోనే కన్నుమూశారు.