కంప్యూటరు "ఫైలు లేదు" అన్నప్పుడు ఏమి చేయాలి?



ఆ మధ్య మేము తనిఖీకి వెళ్ళేసరికి ఒక సంఘంలో బిల్లు విషయమై తగవు నడుస్తున్నది. అంతకు వారం క్రితం ఉదయం పాల సేకరణ వేళ కంప్యూటరు తెరమీద "ఫలానా డి.ఎల్.ఎల్. ఫైలు కనబడలేదు" అని వచ్చి ప్రోగ్రాము మొదలు కాలేదట. కార్యదర్శి కంగారుపడి ఆ పూట అందరి పాలకూ ఒకే సగటు వెన్న శాతం వేశారు. చిక్కని పాలు పోసినవారు నష్టపోయారు. చిన్న ఫైలు ఒకటి లేకపోతే సంఘంమీద నమ్మకమే సడలుతుందని అక్కడ గ్రహించాము. అందుకే ఈ పాఠం.

డి.ఎల్.ఎల్. అంటే ఏమిటి?

డైనమిక్ లింక్ లైబ్రరీ అనే మాటకు పొట్టి పేరు. ఊరికంతటికీ ఒకే పాల శీతలీకరణ యంత్రం ఉన్నట్లు, అనేక ప్రోగ్రాములు కలిసి వాడుకునే పనిముట్ల పెట్టె ఇది. తనంత తాను నడవదు. ప్రోగ్రాము పిలిచినప్పుడు పని చేస్తుంది.

తూకం యంత్రం తీగ ద్వారా కంప్యూటరుకు పంపేది వట్టి అంకె కాదు. దానికి ముందు వెనుకల ఖాళీలు, గుర్తులు, కిలో అనే అక్షరాలు కూడా ఉండవచ్చు. మనం గుడ్డతో పాలు వడపోసి నలుసులు తీసినట్లే, ప్రోగ్రాము వీటిని వడపోసి అంకెను మాత్రమే తీసుకోవాలి. ఈ వడపోత పనిని కొన్ని ప్రోగ్రాములలో ఇటువంటి లైబ్రరీ ఫైలుకు అప్పగిస్తారు. ఆ ఫైలు పోతే యంత్రం బాగున్నా అంకె లెక్కలోకి రాదు.

ఎందుకు పోతుంది?

ప్రోగ్రాముతోపాటు ఎక్కించవలసిన సహాయ ప్యాకేజీని వదిలివేయడం, యాంటీవైరస్ అనుమానించి ఫైలును పక్కన పెట్టడం, కరెంటు హఠాత్తుగా పోయి డిస్కు చెడడం, తెలియక ఎవరైనా తుడిచివేయడం ముఖ్య కారణాలు.

సరిచేసే వరుస

1. తెరమీది ఫైలు పేరును అక్షరం తప్పకుండా రాసుకోండి. కంప్యూటరును ఒకసారి ఆపి తిరిగి వేయండి.

2. రీసైకిల్ బిన్‌లో, యాంటీవైరస్ పక్కన పెట్టిన జాబితాలో చూడండి. ప్రోగ్రాము ఇచ్చినవారిని అడగకుండా ఆ జాబితానుండి ఏదీ విడిపించరాదు.

3. వీసీరన్‌టైమ్140, ఎంఎస్‌వీసీపీ140 అనే పేర్లు వస్తే, మైక్రోసాఫ్ట్ వారు ఉచితంగా ఇచ్చే విజువల్ సి ప్లస్ ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్‌ను వారి సొంత సైటునుండే తెచ్చి ఎక్కించాలి. 64 బిట్ విండోస్‌లోనైనా, ప్రోగ్రాము 32 బిట్‌ది అయితే ఎక్స్86 రకం ప్యాకేజీయే కావాలి.

4. పాల లెక్కల ప్రోగ్రాముకు చెందిన ఫైలైతే, ముందుగా ఖాతాల నకలు వేరే పెన్‌డ్రైవ్‌లో తీసి, తరువాతనే ప్రోగ్రామును తిరిగి ఎక్కించాలి.

5. విండోస్ సొంత ఫైలైతే, తెలిసినవారిచేత సిస్టమ్ ఫైల్ చెకర్ నడిపించాలి. పాడైన ఫైళ్ళను అది సరిచూసి బాగుచేస్తుంది.

చేయకూడనిది

ముక్కూ మొహం తెలియని సైటునుండి ఒక్క ఫైలును దించి అతికించవద్దు. అది వేరే కాలపుదో, వేరే బిట్లదో అయితే పనిచేయదు. వైరస్ కూడా వెంట రావచ్చు. ఎవరివో తెలియని పాలను మన క్యానులో పోసుకుంటామా?

ఆ పూట పాల మాట

కంప్యూటరు ఆగినా సేకరణ ఆగరాదు, సగటు వేయరాదు. తూకం, వెన్న శాతం ఆయా యంత్రాలమీదనే కనబడతాయి. వాటిని సభ్యుడి ఎదుటనే రిజిస్టరులో రాసి చీటీ ఇవ్వాలి. పరీక్ష యంత్రం కూడా ఆగితే ప్రతి సభ్యుడి నమూనా విడిగా తీసి గెర్బర్ పద్ధతిలో చూడాలి. గంధకామ్లం 10 మి.లీ., పాలు 10.75 మి.లీ., అమైల్ ఆల్కహాలు 1 మి.లీ. కొలతలు మన పాత టెస్టర్లకు కంఠస్థమే. కొత్తవారికి వారే నేర్పాలి.

పాలకవర్గ సమావేశంలో చర్చించవలసినవి

1. మన ప్రోగ్రాము అసలు ప్రతి, లైసెన్సు సంఖ్య ఎవరి వద్ద ఉన్నవి?
2. ఖాతాల నకలు ప్రతిరోజూ తీస్తున్నామా?
3. రేపు ఉదయం కంప్యూటరు ఆగితే రాయడానికి ఖాళీ రిజిస్టరు ఉన్నదా?

ఈ మూడింటికీ జవాబులు మినిట్స్ పుస్తకంలో రాసి ఉంచగలరని కోరుతున్నాము. తదుపరి తనిఖీలో మేము ముందుగా అడిగేవి ఇవే.