కూచిపూడి యక్షగానం

కృష్ణా డెల్టాలో, మొవ్వ సమీపాన ఉన్న చిన్న గ్రామం కూచిపూడి. నేడు ఆ పేరు వినగానే ప్రపంచమంతటా ఒక నృత్యం స్ఫురిస్తుంది. కాని కూచిపూడి మొదట నాటకం. ఆంగికం, వాచికం, ఆహార్యం, సాత్త్వికం అనే నాలుగు అభినయాలూ అందులో సమపాళ్లలో ఉండేవి.

సమ్మెట గురవరాజు అనే సామంతుని దురాగతాలను కూచిపూడి భాగవతులు విజయనగర ప్రభువైన వీరనరసింహరాయల ఎదుట ప్రదర్శించి చూపారని మాచుపల్లి కైఫియత్తు చెబుతోంది. ప్రజల బాధను ప్రభువు చెవిని వేయగల శక్తి ఆ కళకు ఉండేదన్నమాట.

సిద్ధేంద్రయోగి రచించాడని చెప్పే భామాకలాపం ఈ సంప్రదాయానికి ప్రాణం. భాగవతుల ఇంట పుట్టిన ప్రతి మగపిల్లవాడూ ఒక్కసారైనా సత్యభామ వేషం కట్టాలన్నది అక్కడి నియమం. తెరపై జడ వేసి భామ తన రాకను చాటుతుంది. సూత్రధారుడే మాధవిగా మారి, భర్త పేరు చెప్పమని ఆమెను అడుగుతాడు. పేరు చెప్పలేక ఆమె సిగ్గుపడటం, అతడు పట్టు విడువకపోవడం ప్రేక్షకులను నవ్విస్తాయి. ఆ హాస్యమంతా తెలుగు నుడికారంలోనే ఉంది.

ఇరవయ్యవ శతాబ్దంలో సినిమా రాకతో, పోషకులు తగ్గడంతో రాత్రంతా సాగే ప్రదర్శనలు అరుదయ్యాయి. ఆ దశలో చింతా వెంకటరామయ్య యక్షగాన ప్రదర్శనలను నిలబెట్టారు. వేదాంతం లక్ష్మీనారాయణశాస్త్రి ఏకపాత్ర నృత్యాన్ని తీర్చిదిద్ది, స్త్రీలకూ నేర్పారు. 1958లో ఢిల్లీలో జరిగిన నృత్య సదస్సు తరువాత, కూచిపూడికి శాస్త్రీయ కళగా గుర్తింపు తేవడానికి బందా కనకలింగేశ్వరరావు విశేషంగా కృషి చేశారు. వెంపటి చినసత్యం 1963లో మద్రాసులో అకాడమీ స్థాపించి ఎందరో శిష్యులను తయారుచేశారు. 2016 డిసెంబరులో విజయవాడలో ఆరు వేలమందికి పైగా కళాకారులు ఒకేసారి కూచిపూడి నృత్యం చేశారు.

ఈ విజయం వెనుక ఒక నష్టమూ ఉంది. ఏకపాత్ర నృత్యంలో గాయకుడు పక్కన కూర్చుండి పాడగా, నర్తకి పెదవులు మాత్రమే కదుపుతుంది. నాట్యం నిలిచింది, వాచికం సన్నగిల్లింది. స్త్రీ పాత్రలకు ప్రసిద్ధుడైన వేదాంతం సత్యనారాయణశర్మ వంటి నటులు సంభాషణనూ, దరువునూ తామే పలికేవారు. ఆయన 2012లో మరణించారు.

తమిళనాడులోని మెలట్టూరును ఇక్కడ తలచుకోవాలి. నాయకరాజుల కాలం నాటి ఈ గ్రామంలో వెంకటరామశాస్త్రి తెలుగులో రచించిన భాగవతమేళ నాటకాలను నృసింహ జయంతి సందర్భంగా నేటికీ ప్రదర్శిస్తారు. చూసేవారిలో అధికులు తమిళులు. అయినా అక్కడి నటులు తెలుగు మాటను వదలలేదు. మాట అర్థం కానిచోట అది నిలిచింది, అర్థమయ్యేచోట జారిపోతోంది.

అడుగులను గ్రంథాలలో, గొంతులను ధ్వనిముద్రికలలో భద్రపరచవచ్చు. కాని ఎదుటి పాత్ర మాటకు తగిన క్షణంలో బదులు పలికే నేర్పు గురువు ఎదుట, రంగస్థలం మీద మాత్రమే అబ్బుతుంది. అందుకు సూత్రధారుడు, హాస్యగాడు, గాయకుడు, మద్దెలగాడు గల పూర్తి మేళం ఉండాలి. దానిని పోషించే సమాజం ఉండాలి. ఓపికగా కూర్చుని వినే ప్రేక్షకులూ ఉండాలి. యక్షగానం బ్రతకాలంటే నేర్చుకునేవారితో పాటు వినేవారూ పెరగాలి.