మోండాస్ గ్రహపు లోహమానవులు

ఒక జాతిని గూర్చి తెలిసికొనదలచినపుడు వారి దేశమేది, భాష యేది, పండుగలేవి అని మనము అడుగుదుము. ఈ పాఠములోని జాతికి దేశము కలదు గాని పండుగలు లేవు. మాట కలదు గాని పాట లేదు. వారి దేహములు లోహమయములు. ఇంగ్లండులో ఇద్దరు రచయితలు కల్పించిన జాతి యిది. కల్పితమే యైనను, నిజమైన మనుష్యులు దీనివలన తెలిసికొనదగిన విషయమొకటి కలదు.

వీరి పుట్టుక

బ్రిటిషు ప్రసార సంస్థయగు బి.బి.సి. 1963లో "డాక్టర్ హూ" అను ధారావాహిక నాటకమును టెలివిజనులో ప్రారంభించెను. అందు 1966 అక్టోబరులో వచ్చిన "ది టెన్త్ ప్లానెట్", అనగా "పదియవ గ్రహము" అను కథలో సైబర్‌మెన్ అను లోహమానవులు తొలిసారి కనబడిరి. (ఆ కాలమున ప్లూటోతో కలిపి గ్రహములు తొమ్మిదియని లెక్క. 2006లో ప్లూటోను మరుగుజ్జు గ్రహముగా నిర్ణయించిరి.) వీరిని కల్పించినవారు కిట్ పెడ్లర్, జెర్రీ డేవిస్. వారిలో పెడ్లర్ వైద్యశాస్త్రము నెరిగిన పరిశోధకుడు.

ఆ దినములలో చెడిన అవయవమునకు బదులు కృత్రిమమైన దానిని అమర్చు విద్య వృద్ధి చెందుచుండెను. 1958లో స్వీడను దేశమున ఆర్నే లార్సన్ అను రోగి శరీరములోపల, హృదయస్పందనమును సరిచేయు పేస్‌మేకరు నమర్చిరి. ప్రపంచమున అట్టి చికిత్స అదియే మొదటిది. ఆయన 2001 వరకు జీవించెను. ఒక భాగమును మార్చినందున ఇంత మేలు కలిగినది. అట్లు అన్ని భాగములను మార్చుచు పోయినచో మనిషి మనిషిగానే మిగులునా? పెడ్లరును కలతపెట్టిన ఈ ప్రశ్ననుండియే సైబర్‌మెన్ పుట్టిరి.

వీరి చరిత్ర

కథ ననుసరించి మోండాస్ భూమికి కవలగ్రహము. అది పూర్వకాలమున అంతరిక్షపు అంచులకు కొట్టుకొని పోయెను. అచటి ప్రజలు మనవంటి వారే. కాలక్రమమున వారి ఆయుర్దాయము తగ్గసాగెను. శాస్త్రజ్ఞులు లోహముతోను ప్లాస్టిక్కుతోను అవయవములను చేసి అమర్చిరి. నేడు చేయి, రేపు కాలు, ఎల్లుండి గుండె. తుదకు మెదడు మిగిలెను. దానినుండియు కొన్ని "బలహీనతలను" తొలగించిరి. ప్రేమ, భయము, శోకము, జాలి అని మనము చెప్పుకొనునవే ఆ బలహీనతలు.

ఇందు గమనింపదగిన దేమనగా, వారినెవ్వరును జయించి లోహముగా మార్చలేదు. బ్రదుకవలెనను కోరికతో తమంతట తామే మారిరి. వేసిన ప్రతి అడుగునకు తగిన కారణము కలదు. ప్రయోజనము లేనిదాని నెల్ల వదలుకొనుచు, ఎవరికొరకు బ్రదుకగోరిరో ఆ మనిషినే వదలుకొనిరి.

వీరి సంస్కృతి

మొదటి కథలో వీరికి క్రెయిల్, టాలన్, షావ్ వంటి పేర్లు కలవు. ముఖమునకు వస్త్రపు తొడుగు. చేతులు మాత్రము ఇంకను మనుష్యుల చేతులే. 1967లో వచ్చిన కథలలో ఆ చేతులును కప్పబడెను. ఆ యేటి "ది టూంబ్ ఆఫ్ ది సైబర్‌మెన్" అను కథలో వారి అధిపతిని "కంట్రోలరు" అనియే పిలుతురు. పేరు పోయి పదవి మిగిలెను.

వీరు మాటలాడునపుడు నోరు తెరచుకొని అట్లే నిలుచును, పెదవులు కదలవు. ఒత్తులు తగనిచోట పడుచు మాటలు వెలువడును. వీరికి పిల్లలు పుట్టరు. ఇతరులను పట్టి తమవలె మార్చుకొనుటయే సంఖ్యను పెంచుకొను మార్గము. కావున అచట జోలపాటకు పనిలేదు. కథ చెప్పుమని మారాము చేయువారును లేరు.

మొదటి కథలో ఆకాశనౌకలో ఇద్దరు మనుష్యులు మరణించు స్థితిలో నుండగా, పాలీ అను యువతి, మీకు చింత లేదా యని క్రెయిల్‌ను అడుగును. నీ లోకమందంతట జనులు చనిపోవుచున్నారు, వారిని గూర్చి నీకును చింత లేదు గదా యని అతడు బదులు చెప్పును. ఈ మాట మనకును తగులును. జాలి కలిగియుండియు వాడనివారికిని, దానిని కోసివేసికొన్న వారికిని భేదమెంత?

మరియొక మార్గము

కృత్రిమ అవయవము దోషమని దీని భావము కాదు. 1968లో జైపూరునందు శిల్పి రామచంద్ర శర్మ, వైద్యుడు పి. కె. సేఠీ రబ్బరుతో కృత్రిమ పాదమును రూపొందించిరి. దానిని ధరించినవారు గొంతుక కూర్చుండవచ్చును, బాసిపట్టు వేసికొనవచ్చును, చెప్పులు లేకయే పొలములో నడువవచ్చును. మనవారు నేలపై కూర్చుండి భుజింతురని ఎరిగి చేసిన పాదమది. 1981లో ప్రమాదమునకు లోనై కాలు కోల్పోయిన నర్తకి సుధా చంద్రన్ ఈ పాదముతో మరల భరతనాట్యము చేసిరి. ఆమె కథ "మయూరి" అను తెలుగు చలనచిత్రమైనది. అందు ఆమెయే నటించిరి. మోండాస్‌లో మనిషి యంత్రమునకు తగినట్లు మారెను. జైపూరులో యంత్రమే మనిషికి తగినట్లు మారెను.

మనకు సంబంధించిన మాట

ఇంటిలో తెలుగు, వీథిలో కన్నడమో తమిళమో ఒడియాయో మరాఠీయో మాటలాడు మనకు ఈ పాఠముతో పని కలదు. తెలుగు చదివినందున ఏమి ప్రయోజనమని మన తలిదండ్రులను అడుగువారు పలువురు. రాష్ట్రభాషను, ఇంగ్లీషును చక్కగా నేర్చుకొనవలసినదే. అది బలమును కూర్చుకొనుట. కాని ఇంటిభాషను బలహీనతగా నెంచి తీసివేయుట మోండాస్ వారి లెక్క. అవ్వ చెప్పిన పొడుపుకథను విప్పుట, పోయిన తాతను తలచుకొని ఆయన మాటలతోనే ఆయనను గూర్చి చెప్పుకొనుట ఏ పరీక్షలోను మార్కులు తెచ్చునవి కావు. ప్రయోజనపు త్రాసులో వీనికి తూనికరాయి దొరకదు. అంతమాత్రమున ఇవి తేలికయైనవని తలపరాదు.

అభ్యాసము

1. మోండాస్ వారు "బలహీనతలు" అని వేనిని తొలగించిరి? అవి లేనివారి యింట పండుగ ఎట్లుండునో వ్రాయుడు.
2. క్రెయిల్ పాలీకి చెప్పిన బదులునకు మీరేమి సమాధానము చెప్పుదురు?
3. మీ యింటి పెద్దలకు మాత్రమే తెలిసిన తెలుగు మాటలు పది సేకరించి, అర్థములతో వ్రాసి తరగతిలో చదువుడు.