పైథాన్ వచ్చిన జియాలజిస్టుకు భూగర్భ జలాల దారి

అమీర్‌పేట మైత్రీవనం చుట్టుపక్కల సాఫ్ట్‌వేర్ కోచింగ్ తీసుకుంటూ, పంజాగుట్ట హాస్టళ్లలో ఉంటున్నవారిలో జియాలజీ, సివిల్ ఇంజనీరింగ్ చదివినవారూ ఉంటారు. సాఫ్ట్‌వేర్ కోసం డిగ్రీని పక్కన పెట్టేయాలా? అక్కర్లేదు. ఆ రెండూ కలిసే చోటు భూగర్భ జల ప్రవాహ మోడలింగ్.

ఏమిటీ పని?

భూమిలో నీరు ఎటు కదులుతుందో, బోర్లు తోడితే మట్టం ఎంత పడిపోతుందో లెక్కకట్టే ప్రోగ్రామ్ మాడ్‌ఫ్లో. అమెరికా జియలాజికల్ సర్వే (యూఎస్‌జీఎస్) దీన్ని 1984లో తెచ్చింది. ఉచితంగా దొరుకుతుంది. దీనికి మనం ఇచ్చేవి ఎక్కువగా టెక్స్ట్ ఫైళ్లే: నేలను గళ్లుగా విభజించే గ్రిడ్‌కు ఒకటి, బోర్లకు ఒకటి, ఇంకే వాననీటికి ఒకటి. ఫైల్‌లో తప్పుంటే ప్రోగ్రామ్ ఆగిపోవడమే నయం. ఆగకుండా తప్పుడు జవాబిస్తేనే ప్రమాదం.

ఏమేం సరిచూడాలి?

* నీటిమట్టం: పీజోమీటర్ (మట్టం కొలిచే గొట్టపు బావి) రీడింగ్ నేల నుంచి లోతు చెబుతుంది. మోడల్‌కు సముద్రమట్టం నుంచి ఎత్తు కావాలి. నేల ఎత్తులోంచి లోతు తీసేయాలి.
* యూనిట్లు: నిమిషానికి 100 లీటర్లంటే రోజుకు 144 ఘనపు మీటర్లు.
* గుర్తు: తోడే నీటిని మైనస్‌లో రాయాలి. మరిచిపోతే బోరు నీళ్లు తోడదు, భూమిలోకి పోస్తుంది.
* చోటు: మ్యాపుల్లో చోటును మీటర్లలో చెప్పే యూటీఎం పద్ధతిలో హైదరాబాద్ 44వ జోన్‌లో, జహీరాబాద్ 43లో ఉన్నాయి. జోన్ మారితే బోరు వందల కిలోమీటర్ల అవతల పడుతుంది.
* ఖాళీలు: రీడింగ్ లేనిచోట సున్నా వేస్తే నీరు నేలమట్టానికి వచ్చిందని అర్థం.
* తేదీ: 05/11 నవంబరా, మే నెలా? తేల్చుకోకపోతే వానల తర్వాతి మట్టం ఎండాకాలానిదవుతుంది.

మోడల్ రన్ అయ్యాక, మాడ్‌ఫ్లో రాసే లిస్టింగ్ ఫైల్‌లో నీటి జమాఖర్చుల తేడా చూడాలి. అయితే జమాఖర్చు కుదిరినంత మాత్రాన డేటా సరైనదని కాదు. యూనిట్ తప్పినా అది కుదురుతుంది. అందుకే వచ్చిన మట్టాలను బావుల రీడింగులతో పోల్చాలి. మూల ఫైళ్లను ముట్టుకోకుండా, ప్రతి మార్పునూ గిట్‌లో నమోదు చేయాలి.

ఎక్కడ ఉపయోగం?

1961లో ఏర్పడిన నేషనల్ జియోఫిజికల్ రీసెర్చ్ ఇన్‌స్టిట్యూట్ (ఎన్‌జీఆర్‌ఐ) ఉప్పల్‌లోనే ఉంది. హైదరాబాద్ దగ్గరి మహేశ్వరం గ్రానైట్ నేలల్లోని జలాలపై ఏళ్ల తరబడి పరిశోధన చేసింది. అక్కడి ప్రాజెక్టు పోస్టుల ప్రకటనలు గమనిస్తూ ఉండండి. కేంద్ర భూగర్భ జల మండలిలో హైడ్రోజియాలజీ సైంటిస్టు కావాలంటే జియాలజీ పీజీతో యూపీఎస్సీ కంబైన్డ్ జియో సైంటిస్ట్ పరీక్ష రాయాలి. నీటి వనరుల కన్సల్టెన్సీలు మరో దారి.

పైథాన్ వస్తే, మాడ్‌ఫ్లో ఫైళ్లను తయారుచేసే ఫ్లోపై అనే ఉచిత లైబ్రరీ నేర్చుకోండి. మీ మండలం నీటిమట్టాలతో చిన్న మోడల్ కట్టి, ఏ ఫైల్‌లో ఏం సరిచూశారో ఒక్క పేజీలో రాసి రెజ్యూమేకు జతచేయండి. రైతు బోరు ఎక్కడ వేయాలో, ఊరు ఎంత తోడుకోవచ్చో చెప్పే లెక్కలివి. వాటిని నమ్మదగినవిగా చేసేవారికి విలువ ఉంటుంది. ఈ వారమే మొదలుపెట్టండి.