ఆంటికితేరా యొద్ద మునిగిన యోడ

అపొస్తలుల కార్యములు 27వ అధ్యాయమును వినని బాలబాలికలు మన పాఠశాలలో నుండరు. పౌలు ఖైదీగా రోమాపురికి పోవుచున్న యోడ, క్రేతు ద్వీపమును దాటునప్పుడు పెనుగాలికి చిక్కి, పదునాలుగు దినములు కొట్టుకొనిపోయి, కడపట మెలితే తీరమున బ్రద్దలయ్యెను. అర్ధరాత్రివేళ నావికులు బుడుదు వేసి మొదట 20 బారల లోతును, కొంత దూరము పోయిన పిమ్మట 15 బారల లోతును కనుగొనిరని లూకా వ్రాసియున్నాడు. ఓడలోని 276 మందియు బ్రదికిరి. ఓడ మాత్రము దక్కలేదు. ఈ పాఠము జరుగునప్పుడు ఎవడో యొక చిన్నవాడు లేచి, "ఆ యోడ యిప్పుడెక్కడ నున్నదండీ?" అని యడుగుట కలదు.

ఆ ప్రశ్న మంచి ప్రశ్న. ఒడ్డుననే యలల దెబ్బకు విఱిగిన యోడ పుల్లలు పుల్లలుగా చెదరిపోవును. లోతున మునిగి, ఇసుకలోనో బురదలోనో పూడిపోయిన యోడ కొంతవఱకైనను నిలుచును. ఏలయన కొయ్యను తొలుచు సముద్రపు పురుగులకు గాలి తగులని బురదలో బ్రదుకు లేదు. పౌలు ప్రయాణమునకు నూఱేండ్లకు పైగా ముందు, అదే సముద్రమున, అదే క్రేతు ద్వీపమునకు చేరువను, అట్లు లోతున మునిగిన మఱియొక యోడ కలదు. దాని కథను మన విద్యార్థులకు చెప్పవలెనని మాకు చిరకాలముగా కోరిక.

క్రేతునకు వాయవ్య దిక్కున ఆంటికితేరా యను చిన్న దీవి యున్నది. చుట్టును నిట్రముగా దిగిన రాతి చరియలే గాని ఓడలు నిలువ దగిన తావులు తక్కువ. 1900వ సంవత్సరము వసంతకాలమున సిమీ యను ద్వీపమునకు చెందిన స్పంజి పడవవారు గాలివానకు జంకి ఆ దీవి చాటున నిలిచిరి. వారి నాయకుడు దిమిత్రియోస్ కొంటోస్. స్పంజి యనగా నేమో యని యడుగుదురేమో: వెనుకటి పిల్లలు పలకలు తుడుచుకొన్న మెత్తని స్పంజి, సముద్రపు టడుగున రాతి నంటుకొని బ్రదుకు నొక జంతువు యొక్క అస్థిపంజరమే. దానిని కోసి తెచ్చుట సిమీవారి కులవిద్య వంటిది. పూర్వము వారు చదునైన బరువురాయిని చేత బట్టుకొని, ఊపిరి బిగబట్టి దిగెడివారు. పందొమ్మిదవ శతాబ్దపు నడుమ నుండి రబ్బరు పూసిన గుడ్డతో కుట్టిన నిలువుటంగీయు, అద్దపు కిటికీలుగల లోహపు శిరస్త్రాణమును వాడుకలోనికి వచ్చెను. పడవలోనివారు పంపు త్రిప్పి గొట్టము గుండ గాలి పంపుచుందురు. దీనిచేత మనిషి వెనుకటికంటె లోతుగా దిగి, ఎక్కువసేపు నిలువ గలిగెను. మేలు వచ్చినది; దానితోడనే వచ్చిన కీడును ముందు చెప్పెదము.

గాలి తగ్గువఱకు ఊరక కూర్చుండనేల యని ఇలియాస్ స్టాడియాటిస్ అనువాడు దీవి ప్రక్కనే మునిగెను. కొంతసేపటికి పైకి వచ్చి, శిరస్త్రాణము తీసినంతనే, అడుగున మనుష్యుల శవములు, గుఱ్ఱముల కళేబరములు గుట్టలుగా పడియున్నవని వణకుచు చెప్పెనట. నాయకుడు తానే అంగీ తొడిగి దిగి చూచెను. అవి శవములు గావు, విగ్రహములు. నిజమునకు గుఱుతుగా ఒక కంచు చేతిని పైకి తెచ్చెను.

ఈ వార్త ఏథెన్సు చేరెను. ఆ సంవత్సరము నవంబరులో గ్రీసు ప్రభుత్వము నౌకాదళపు ఓడను తోడిచ్చి, అదే స్పంజి పడవవారిచేత పని నారంభింపజేసెను. 1901వ సంవత్సరములో ఆ పని ముగిసెను. పండితులు పైన ఓడలో నుండిరి. దిగినవారు స్పంజి కోయువారే. లోతు సుమారు 25 బారలు, అనగా 150 అడుగులు. అంత లోతున కొద్ది నిమిషములకంటె నిలువరాదు. ఆ కొద్ది నిమిషములలో, మసక వెలుతురున, బరువు బూట్లతో తడవుకొనుచు, వారు కంచు యువకుని విగ్రహమును ముక్కలుగాను, గడ్డపు తత్త్వవేత్త శిరస్సును, పాలరాతి బొమ్మలను, రంగుల గాజు గిన్నెలను, రెండు చెవుల మట్టి కూజాలను పైకి పంపిరి. వస్తువులకు పెద్ద బండలు కొన్ని అడ్డుగా నుండెను. వానిని త్రాళ్లతో కట్టి, ఓడచేత లాగించి, మఱింత లోతునకు దొరలించి వేసిరి. కొన్నిటిని అట్లు పాఱవేసిన పిమ్మట, అవి నిజముగా బండలేనా, గుల్లలు పట్టిన విగ్రహములు గావా యని పైనున్నవారికి సందేహము కలిగెను. తరువాతి దానిని పైకి తీసి చూడగా అది హెర్క్యులీసు వీరుని పెద్ద విగ్రహమని వృత్తాంతములలో చదువుచున్నాము. ముందు పాఱవేసినవి యేమో గదా!

ఆ పని నడచుచుండగనే దిగినవారిలో నొకడు మరణించెను. ఇద్దఱు పక్షవాతముచే పడిపోయిరి. వారిని సొరచేప కఱవలేదు, గొట్టము తెగలేదు. మఱి యేమి జరిగెను?

మన యంగడిలోని గోళీసోడా బుడ్డిని తలచుకొనుడు. గోళీ బిగిసియున్నంతవఱకు లోపలి నీరు తేటగానే కనబడును. గోళీని నొక్కినంతనే బుసబుస బుడగలు లేచును. ఆ వాయువు క్రొత్తగా పుట్టినది కాదు. ఒత్తిడిచేత నీటిలో కరగియుండి, ఒత్తిడి తగ్గగానే బయటపడినది. మునుగువాని నెత్తురును అట్టిదే. నేలమీద మనపై నుండు గాలి యొత్తిడి నొక పాలనుకొందము. నీటిలో ప్రతి 33 అడుగులకును ఇంకొక పాలు చేరును. 150 అడుగుల యొద్ద అది సుమారు అయిదున్నర పాళ్లు. ఆ యొత్తిడితోనే పంపు గాలిని పంపవలెను, లేనిచో ఱొమ్ము నలిగిపోవును. గాలిలో అయిదింట నాలుగు పాళ్లు నత్రజని. నేలమీద దానివలన మనకు బాధ లేదు. కాని ఒత్తిడిలో అది నెత్తురునందును క్రొవ్వునందును కరగిపోవును. మునుగువాడు మెల్లగా పైకి వచ్చినయెడల ఊపిరితో కొంచెము కొంచెముగా వెలుపలికి పోవును. త్రాడు లాగి తటాలున పైకి తీసినచో గోళీ నొక్కిన సోడాయే. బుడగలు కీళ్లలో చేరిన నొప్పి, వెన్నుపాములో చేరిన పక్షవాతము, గుండెకు పోయిన మరణము.

ఈ సంగతి 1900 నాటికి లోకమున నెవ్వరికిని తెలియదా? తెలియును. ఫ్రాన్సు దేశపు శాస్త్రజ్ఞుడగు పాల్ బెర్ అనునాతడు 1878లోనే గొప్ప గ్రంథము ప్రకటించి, ఈ వ్యాధికి నత్రజని బుడగలే కారణమనియు, మెల్లగా పైకి రావలెననియు చెప్పియుండెను. ఆ పుస్తకమునకును ఆంటికితేరా మునుగువానికిని నడుమ ఇరువది రెండేండ్ల కాలము. గ్రంథము పండితుల బల్లలపై నుండెను, పడవలోనికి చేరలేదు. పైయోడలోని విద్వాంసులు విగ్రహమును చూచి అది యే శతాబ్దపుదో చెప్ప గలిగిరి గాని, దానిని తెచ్చిన వానికి కాళ్లేల పడిపోయెనో చెప్పినవారు లేరు. వారిని నిందించుటకు మేము వ్రాయుట లేదు. కాని ఈ కథలో మా మనస్సును మిక్కిలిగా పట్టుకొనునది ఈ ఇరువది రెండేండ్లే.

"మెల్లగా" అనగా నెంత మెల్లగా? దీనిని లెక్కకట్టి పట్టికలుగా వేసినవాడు జాన్ స్కాట్ హాల్డేన్. ఆయన బ్రిటిషు నౌకాదళము కొఱకు మేకలను ఒత్తిడి గదులలో నుంచి పరీక్షించి, మీదనున్న యొత్తిడిని సగమువఱకు ఒక్కమాఱుగా తగ్గింపవచ్చుననియు, అటుపిమ్మట ఆగి యాగి పైకి రావలెననియు 1908లో ప్రకటించెను. అప్పటికి ఆంటికితేరా పని ముగిసి ఏడేండ్లయ్యెను.

ఇక వారు తెచ్చిన వస్తువుల సంగతి. పాలరాతి బొమ్మలలో ఇసుకలో పూడియున్న భాగము నున్నగా క్రొత్తదానివలె నుండగా, నీటికి తగిలిన భాగము రాతిని తొలుచు ప్రాణులచే తినబడి జల్లెడవలె నున్నది. ఒకే ముఖమున ఒక చెంప మెఱుగు, ఒక చెంప కుష్ఠు. కంచు విగ్రహముల మాట వేఱు. నేలమీద నున్న ప్రాచీన కంచు బొమ్మలను తరువాతివారు చాలవఱకు కరగించి నాణెములకును ఆయుధములకును వాడుకొనిరి. నేడు మిగిలిన గొప్ప గ్రీకు కంచు విగ్రహములలో పెక్కు సముద్రము దాచిపెట్టినవే. ఓడ మునుగుట దాని వారికి నాశనమే. కంచు యువకునికి మాత్రము రక్ష.

అన్నిటిలో చూడ ముచ్చటలేని దొకటి యుండెను: పచ్చగా చిలుము పట్టిన కంచు ముద్ద. విగ్రహముల సంబరములో దాని నెవ్వరును పట్టించుకొనలేదు. ఏథెన్సు మ్యూజియములో నెలల తరబడి పడియుండి అది బీటలిచ్చెను. 1902 మే నెలలో వలేరియోస్ స్టాయిస్ అను పురాతత్త్వవేత్త దానియందొక పండ్లచక్రమును చూచెను. గడియారములో నుండు చక్రము వంటిది, రెండువేల యేండ్ల నాటి యోడలో! తరువాత నెప్పుడో ఆ చోట పడినదని కొందఱనిరి. దానిపై గ్రీకు అక్షరము లుండుట చేత ఆ వాదము నిలువలేదు.

ఆ ముద్ద నేడు 82 ముక్కలు. డెరెక్ ప్రైస్ అను పండితుడు కిరణచిత్రముల సాయమున ఏండ్ల తరబడి శ్రమించి 1974లో దాని లోపలి చక్రములను వివరించెను. 2005లో 8 టన్నుల ఎక్స్‌రే యంత్రమును ఏథెన్సునకు మోసికొనిపోయి ప్రతి ముక్కను పొరలు పొరలుగా చిత్రించిరి. అందు మిగిలిన చక్రములు 30. కొయ్యపెట్టెలో నమర్చిన ఆ యంత్రము మందమైన నిఘంటువంత యుండెడిది. ప్రక్కనున్న పిడిని త్రిప్పిన సూర్యచంద్రుల స్థానములు ముందు ముఖముననున్న ముండ్లచే తెలియును. వెనుక ముఖమున రెండు చుట్టల పలకలు: ఒకదానియందు 235 గళ్లు, మఱియొకదానియందు 223 గళ్లు.

ఈ సంఖ్యలను మన విద్యార్థులు పలకపై వేసి చూడవలెను. పండ్రెండు చాంద్రమాసములు కూడిన ఏడాదికి పదునొకండు దినములు తక్కువ పడును. అందుచేతనే మన పంచాంగములలో అధికమాసము వచ్చును. 19 ఏండ్లకు పండ్రెండేసి చొప్పున 228 మాసములు, అధికమాసములు 7, మొత్తము 235. ఈ 235 చాంద్రమాసములకును 19 సౌరవత్సరములకును గల తేడా సుమారు రెండు గంటలు మాత్రమే. ఇది మొదటి పలక. రెండవది గ్రహణముల పలక. 223 చాంద్రమాసములు, అనగా 18 ఏండ్ల 11 దినముల 8 గంటలు గడచిన పిమ్మట గ్రహణములు మునుపటి వరుసనే తిరిగి వచ్చును. ఆ 8 గంటలలో భూమి మూడవవంతు తిరిగియుండును గనుక గ్రహణము వేఱొక దేశమున కనబడును. దీనిని సరిచూచుకొనుటకు చిన్న పలకను గూడ అమర్చిరి. ఒలింపియా మొదలగు చోట్ల జరుగు క్రీడల వరుసను చూపు పలకయు నొకటి కలదు. చంద్రుడు ఒకప్పుడు త్వరగను ఒకప్పుడు మెల్లగను నడచుటను సయితము, కేంద్రము కొంచెము తప్పించి ఒకదానిపై నొకటి యుంచిన రెండు చక్రములచేత అనుకరించిరి. ఇంత చిక్కు పనితనముగల చక్రయంత్రము మరల ఐరోపాలో పదునాలుగవ శతాబ్దపు గడియారముల వఱకు కనబడదు.

ఓడ యెప్పుడు మునిగినదో 1976లో తెలియవచ్చెను. జాక్ కూస్టో అను ఫ్రెంచి నావికుడు, వీపున గాలిబుడ్డి ధరించి గొట్టము లేకయే మునుగు పరికరమును 1943లో ఎమీల్ గాన్యా తోడ సిద్ధపఱచినవాడు, ఆ యేట ఆంటికితేరాకు వచ్చెను. ఆతని జట్టువారికి పెర్గము పట్టణపు నాణెములు దొరికెను. వానిని బట్టి ఓడ క్రీస్తుకు పూర్వము 70–60 సంవత్సరముల ప్రాంతమున మునిగినట్లు నిర్ణయించిరి. పెర్గము పేరు ప్రకటన గ్రంథము చదివినవారికి క్రొత్తది కాదు.

2012 నుండి గ్రీసు ప్రభుత్వపు పురాతత్త్వశాఖవారు ఇతర దేశపు పండితులతో గూడి మరల ఆ చోట వెదకుచు వచ్చిరి. 2016లో ఇసుక క్రింద మనిషి యెముకలు దొరికెను: కపాలపు ముక్కలు, దవడ, పండ్లు, కాలుచేతుల యెముకలు. ఓడతో పోయిన వాడొకడు. 2022లో పెద్ద బండలను తొలగింపగా గడ్డపు పాలరాతి శిరస్సు బయటపడెను. అది 1901లో తలలేక దొరికిన హెర్క్యులీసుదే యని త్రవ్వినవారి యభిప్రాయము. ఈ నూతన మునుగువారు విడిచిన యూపిరిని శుద్ధిచేసి మరల పీల్చుకొను పరికరములతో దిగుదురు. ముంజేతి యంత్రము ఎంత లోతున ఎంతసేపు ఆగవలెనో చూపుచుండును. అడుగున పనిచేసిన కాలముకంటె, పైకి వచ్చుచు త్రాటిని పట్టుకొని నడినీట ఊరక వేచియుండు కాలమే వారికి తరచుగా నెక్కువ.