తటస్థీకరణం – ఒక మాట, పలు అర్థాలు

కిందటేడు కెమిస్ట్రీ లాబ్‌లో మా మాస్టారు ఒక ప్రశ్న వేశారు. "తటస్థీకరణం అంటే ఏమిటి? పుస్తకంలో ఉన్నది నాకు అప్పజెప్పకండి. మీ ఇంట్లో మీరు చూసిన ఉదాహరణ ఒకటి చెప్పండి" అన్నారు. ఒకడు కడుపుమంటకి వేసుకునే మాత్ర అన్నాడు. ఇంకొకడు తినే సోడా అన్నాడు. నా వంతు వచ్చేసరికి "చెరకు రసంలో సున్నం వెయ్యడమండి" అన్నాను. క్లాసంతా గొల్లుమంది. మాస్టారు నవ్వలేదు. "మీలో సరైన జవాబు చెప్పినవాడు వీడే. ఎంత వెయ్యాలో కూడా చెప్పరా" అన్నారు. అది చెప్పలేక నిలబడిపోయాను. ఎందుకు చెప్పలేకపోయానో ఈ వ్యాసంలో కొంత చెబుతాను. ఈ మాట వెంటబడి లైబ్రరీలో నేను తెలుసుకున్న నాలుగు సంగతులు కూడా చెబుతాను.

ముందుగా మాట సంగతి

ఇంగ్లీషులో 'న్యూట్రల్' అనే మాట లాటిన్ నుంచి వచ్చింది. 'రెండింటిలో ఏదీ కానిది' అని దాని అర్థం. మన 'తటస్థం' సంస్కృతం. తటం అంటే ఒడ్డు, తటస్థుడంటే ఒడ్డున నిలబడ్డవాడు. శారదానదికి వరదొచ్చినప్పుడు నీళ్ళలో దిగకుండా గట్టు మీద నిలబడి చూసేవాడన్న మాట. రెండు భాషలూ ఒకే భావానికి పేరు పెట్టాయి గాని, చూసిన చూపు వేరు. ఒకటి 'ఏదీ కాదు' అంటుంది, రెండోది 'దూరంగా ఉంది' అంటుంది. దీనికి 'ఈకరణం' చేరిస్తే, అలా లేనిదాన్ని అలా చెయ్యడం అవుతుంది. 1968లో తెలుగు అకాడమీ ఏర్పడ్డాక వచ్చిన తెలుగు మీడియం సైన్సు పుస్తకాల ద్వారా ఈ మాట మనలాంటి పల్లెటూరి విద్యార్థులకు బాగా అలవాటయింది.

రసాయనశాస్త్రంలో

ఆమ్లంలో హైడ్రోజన్ అయాన్లు ఉంటాయి, క్షారంలో హైడ్రాక్సిల్ అయాన్లు ఉంటాయి. రెండూ కలిస్తే నీరు తయారవుతుంది. మిగిలిన భాగాలు లవణం అవుతాయి. బలమైన ఆమ్లం, బలమైన క్షారం ఏ జతైనా సరే, విలీన ద్రావణాల్లో ఒక మోల్ నీరు ఏర్పడితే సుమారు 13.7 కిలోకాలరీల వేడి పుడుతుంది. ఆమ్లం మారినా, క్షారం మారినా వేడి మారకపోవడానికి కారణం, అన్నిచోట్లా అసలు జరిగేది నీరు తయారు కావడం ఒక్కటే.

ఇక్కడ మనం సాధారణంగా పడే పొరపాటు ఒకటుంది. తటస్థీకరణం పూర్తయిందంటే పిహెచ్ 7కి వచ్చిందనుకుంటాం. రెండూ బలమైనవైతే అది నిజమే. వెనిగర్‌లోని ఎసిటిక్ ఆమ్లం లాంటి బలహీన ఆమ్లాన్ని కాస్టిక్ సోడాతో సరిగ్గా సరిపెడితే, ఆ ద్రావణం 7 దాటి కొంచెం క్షారం వైపే ఉంటుంది. బలహీన క్షారాన్ని బలమైన ఆమ్లంతో సరిపెడితే 7కి కిందే ఆగుతుంది. అందుకే టైట్రేషన్‌లో ఏ సూచిక వాడాలో ముందే ఆలోచించాలి. సరిపోవడం వేరు, తటస్థంగా ఉండడం వేరు.

పిహెచ్ కొలమానాన్ని 1909లో డెన్మార్క్ శాస్త్రజ్ఞుడు సోరెన్‌సెన్ ప్రవేశపెట్టాడు. అందులో ఒక్క అంకె తేడా అంటే హైడ్రోజన్ అయాన్ల గాఢతలో పదిరెట్ల తేడా. ఈ సంగతి పరీక్షలో రాసి మార్కులు తెచ్చుకున్నాను. బెల్లం పెనం దగ్గర మాత్రం మరిచిపోయాను.

బెల్లం వంటలో

అనకాపల్లి పేరు చెబితే ఎవరికైనా ముందు బెల్లమే గుర్తొస్తుంది. దేశంలోని పెద్ద బెల్లం మార్కెట్లలో మనదొకటి. చెరకు మీద పరిశోధన ఇక్కడ 1913లోనే మొదలయింది. మాది పట్నానికి దగ్గర్లో చిన్న పల్లె. ఎకరంన్నర చెరకు, ఇద్దరు ముగ్గురు రైతులు కలిసి వాడుకునే క్రషరు, ఒక పెనం. నా ఫీజులు ఆ పెనంలోంచే వచ్చాయి.

చెరకు రసం పుల్లగా అనిపించదు గాని, దాని పిహెచ్ సుమారు 5 నుంచి 5.5 వరకు ఉంటుంది. అలాగే వదిలేసి కాస్తే, ఆ ఆమ్లగుణానికి సుక్రోజు విడిపోయి గ్లూకోజు, ఫ్రక్టోజు అవుతుంది. అవి ఎక్కువైతే బెల్లం గట్టిపడదు, జిగటగా ఉంటుంది, వానాకాలంలో చెమ్మ పట్టి కారిపోతుంది. అందుకని రసం వేడెక్కేటప్పుడు సున్నపు తేట పోస్తారు. సున్నం రెండు పనులు చేస్తుంది. ఆమ్లాన్ని తగ్గిస్తుంది. రసంలోని ఫాస్ఫేటుతో కలిసి కాల్షియం ఫాస్ఫేటు అయి, మలినాలను పట్టుకుని మడ్డిగా పైకి తేలుతుంది. ఆ మడ్డిని తీసేశాక రసం తేరుకుంటుంది.

సున్నం ఎక్కువైతే ఇంకో చిక్కు. క్షారంలో గ్లూకోజు, ఫ్రక్టోజు చెడిపోయి నల్లటి పదార్థాలు తయారవుతాయి. బెల్లం నల్లబడుతుంది, రుచి మారుతుంది. అందుకని బెల్లానికి రసాన్ని 6 దాటించి, 7కి బాగా ముందే ఆపాలి. పంచదార మిల్లులో అయితే ఇంచుమించు 7 వరకు తీసుకువెళతారు. వాళ్ళకి కావలసింది తెల్లటి పలుకు, మనకి కావలసింది పసుపు వన్నె దిమ్మ. ఒకే రసం, ఒకే సున్నం, ఆగే చోటు మాత్రం వేరు.

నేను చేసిన పని

ఇదంతా నాకు ముందు తెలియదు. మొదటి సంవత్సరం పరీక్షలయ్యాక పిహెచ్ కాగితాలు కొనుక్కుని ఇంటికెళ్ళాను. నాన్న ఎప్పుడూ కంటితోనే చూసి సున్నం పోస్తాడు. రసం రంగు తిరగడం, మడ్డి విరగడం, ఇవే ఆయన కొలతలు. "నాన్నా, ఈసారి నేను చూస్తాను. సరిగ్గా 7కి తెస్తాను" అన్నాను. చదువుకుంటున్న కొడుకు మాట కదా అని నాన్న పక్కకి తప్పుకున్నాడు. కాగితం 7 రంగు చూపించేదాకా తేట పోస్తూనే ఉన్నాను. రెండుసార్లు నాన్న చెయ్యెత్తాడు గాని, నోరు తెరవలేదు.

ఆ రోజు దిమ్మలు నల్లగా దిగాయి. మార్కెట్లో క్వింటాలుకి 300 రూపాయలు తక్కువ పలికాయి. తిరిగొచ్చేటప్పుడు బండి మీద నాన్న ఒక్కమాటే అన్నాడు: "సున్నం ఎక్కువైపోనాదిరా. నువ్వు సదువు సదివినావు గానీ, పాకాన్ని సదవనేదు." ఆ తరవాత ఇంటిదాకా ఏమీ మాట్లాడలేదు. తిట్టి ఉంటే బాగుండుననిపించింది. ఆ నెల నా పరీక్ష ఫీజు అమ్మ దాచుకున్న డబ్బులోంచి కట్టింది.

మార్కెట్లో రంగుకే ధర. అందుకే కొందరు హైడ్రోస్ అనే సోడియం హైడ్రోసల్ఫైటు కలుపుతారు. అది రంగుని తాత్కాలికంగా విరిచేస్తుంది. నిలవ ఉంటే బెల్లం మళ్ళీ రంగు తిరుగుతుంది. గంధకపు సమ్మేళనాలు తినేవాడి ఒంట్లోకి పోతాయి. చూడడానికి ఇది కూడా 'సరిచెయ్యడం' లాగే ఉంటుంది గాని, తటస్థీకరణం కాదు, విరంజనం. తప్పుని సరిదిద్దడానికీ, తప్పు కనబడకుండా చెయ్యడానికీ ఉన్నంత తేడా ఉంది ఈ రెండింటికీ.

కరెంటులో

క్రషరు షెడ్డులోనే ఇంకో ఉదాహరణ ఉంది. త్రీఫేజు లైనులో మూడు ఫేజులు, ఒక న్యూట్రల్ తీగ ఉంటాయి. మూడింటి మీదా లోడు సమానంగా ఉంటే న్యూట్రల్‌లో కరెంటు దాదాపు ఉండదు. సమానం లేకపోతే ఆ తేడా న్యూట్రల్ ద్వారా వెనక్కి పోతుంది. పేరు న్యూట్రల్ కదా, దానికి పనేమీ లేదనుకుంటాం. ట్రాన్స్‌ఫార్మరు దగ్గర అది తెగిన రోజున దాని పని తెలుస్తుంది. క్రషరు మోటారు మామూలుగానే తిరుగుతుంది, మూడు ఫేజులనీ సమానంగా వాడుకుంటుంది కాబట్టి. ఇళ్ళల్లో మాత్రం కొన్ని బల్బులు మసగ్గా వెలుగుతాయి, కొన్ని 230 వోల్టులకి బాగా ఎక్కువై పేలిపోతాయి. ఎటూ మొగ్గని ఆ ఒక్క తీగ ఉండబట్టే మిగిలినవి హద్దులో ఉన్నాయన్న మాట.

మన భాషలో

భాషాశాస్త్రంలో కూడా తటస్థీకరణం ఉందని తెలిసి ఆశ్చర్యపోయాను. ప్రాగ్ నగరంలో పనిచేసిన పండితుల బృందం దీన్ని వివరించింది. వారిలో ముఖ్యుడైన త్రుబెత్స్‌కోయ్ గ్రంథం ఆయన పోయాక 1939లో వెలువడింది. రెండు ధ్వనుల మధ్య ఒకచోట ఉండే భేదం ఇంకొకచోట లేకుండా పోతే అది తటస్థీకరణం. జర్మన్ భాషలో చక్రం అనే మాటకి చివర 'డ్' రాస్తారు, సలహా అనే మాటకి చివర 'ట్' రాస్తారు. పలికేటప్పుడు మాత్రం రెండూ 'రాట్' అనే వినబడతాయి.

మనకి ఇంతకంటే చక్కని ఉదాహరణ సున్న. 'మీరు', 'నీరు' అనే మాటల్లో మ, న మార్చితే అర్థం మారుతుంది. అదే ఇంకో హల్లు ముందు చూడండి: పంపు, పంతులు, పండు, పంచ, పంకా. పంపులో మకారం, పంతులులో నకారం, పండులో ణకారం పలుకుతాం. ఏది పలకాలో తరవాతి హల్లే చెబుతుంది, మనకి ఎంచుకునే స్వేచ్ఛ లేదు. అందుకే మన పెద్దలు అన్నిటికీ కలిపి ఒక్క సున్న పెట్టారు. ప్రాగ్ పండితుల సిద్ధాంతాన్ని మనం పలక మీద అక్షరాలు దిద్దేనాడే నేర్చుకున్నామన్న మాట.

వ్యాకరణంలో కూడా చూడవచ్చు. 'అమ్మ వచ్చింది', 'ఆవు వచ్చింది' అంటాం. ఏకవచనంలో స్త్రీకీ, పశువుకీ క్రియ ఒక్కటే. బహువచనానికి వెళితే 'ఆడవాళ్ళు వచ్చారు', 'మగవాళ్ళు వచ్చారు', 'ఆవులు వచ్చాయి'. అక్కడ ఆడా మగా భేదం పోయింది. ఏకవచనంలో ఆవు పక్కన నిలబెట్టిన అమ్మని, నలుగురితో కలిశాక మనుషుల్లో చేర్చుకున్నాం! దీన్ని గురించి మా హాస్టల్లో ఒక రాత్రంతా వాదించుకున్నాం.

రాజకీయాల్లో

అంతర్జాతీయ న్యాయంలో తటస్థత వేరు, తటస్థీకరణం వేరు. ఒక యుద్ధంలో చేరనని ఒక దేశం తనంతట తాను చెప్పుకుంటే తటస్థత. ఇక ఎప్పటికీ తటస్థంగానే ఉండాలని పెద్ద దేశాలు ఒప్పందం రాసి హామీ ఇస్తే తటస్థీకరణం. స్విట్జర్లాండుకి 1815లో అలా జరిగింది, నిలబడింది. బెల్జియానికి 1839లో లండన్ ఒడంబడిక ద్వారా జరిగింది. 1914 ఆగస్టులో జర్మనీ సైన్యం ఆ కాగితాన్ని తొక్కుకుంటూ లోపలికి వచ్చింది. లావోస్ తటస్థతకి 1962లో జెనీవాలో మన దేశంతో సహా 14 దేశాలు సంతకాలు పెట్టాయి. తరవాత రెండేళ్ళు తిరక్కుండానే ఆ దేశం మీద బాంబులు పడ్డాయి, 1973 వరకు పడుతూనే ఉన్నాయి. ఒడ్డున నిలబడాలనుకున్నవాడిని వరద వదిలిపెట్టాలి కదా!

1961లో బెల్‌గ్రేడ్ సమావేశంతో రూపుదిద్దుకుని, 1983లో ఢిల్లీలో ఏడవ శిఖరాగ్ర సమావేశం జరుపుకున్న అలీనోద్యమాన్ని కొందరు తటస్థ విధానం అంటారు. అది సరికాదు. ఏ కూటమిలోనూ చేరమన్నారు గాని, ఏ విషయం మీదా మాట్లాడమని అనలేదు. నెహ్రూగారి కాలంలో వలస పాలన విషయంలోనూ, జాతి వివక్ష విషయంలోనూ మన దేశం ఒక పక్షం తీసుకునే మాట్లాడింది.

చివరగా ఒక అర్థం. ఈ మధ్య వార్తల్లో మనుషులు కాల్పుల్లో చనిపోతే 'న్యూట్రలైజ్ చేశారు' అని రాస్తున్నారు. చంపినవారు ఎవరు, చచ్చినవారు ఎవరు, ఎవరిది న్యాయం అన్నది వేరే చర్చ. నేను సైన్సు విద్యార్థిగా ఒక్కటే అడుగుతాను. మా లాబ్‌లో తటస్థీకరణం జరిగాక ఏదీ మాయమైపోదు. ఆమ్లంలో ఉన్నవి, క్షారంలో ఉన్నవి అన్నీ నీటిలోనూ లవణంలోనూ లెక్కకి దొరుకుతాయి. మనిషి ప్రాణం పోయినచోట ఈ మాట ఎలా సరిపోతుంది? చావుని చావు అనడానికి మన భాషలో మాటలున్నాయి.

ముగింపు

ఇన్ని అర్థాలలో నాకు కనిపించిన సామాన్య విషయం ఇది. రెండు వైపులా ఏమున్నాయో, ఎక్కడ ఆగాలో తెలియనివాడు దేనినీ తటస్థం చెయ్యలేడు. 7 అనే అంకె అన్నిచోట్లా జవాబు కాదు.

ఈ సంక్రాంతి సెలవులకి ఇంటికెళ్ళినప్పుడు నేను కాగితాలు తీసుకువెళ్ళలేదు. నాన్నే అడిగాడు, "ఆ రంగు కాయితాలేవిరా? తేనేదా?" అని. మర్నాడు పట్నం వెళ్ళి కొనుక్కొచ్చాను. ఈసారి సున్నపు తేట నాన్నే పోశాడు. మడ్డి విరిగి, రసం తేరుకోగానే "సాలు" అన్నాడు. గరిటెతో కొంచెం రసం తీసి, చల్లార్చి, కాగితం ముంచాను. 6కీ 6.5కీ మధ్య వచ్చింది. నాన్న ఆ రంగు కేసి చాలాసేపు చూసి, కాగితం తీసుకుని జేబులో పెట్టుకున్నాడు.

మాస్టారు ఆ రోజు అడిగిన రెండో ప్రశ్నకి ఇది నా జవాబు.