లైసెన్సు ఆపాలంటే ముందు నోటీసు ఇవ్వాలా?

మల్బరీ తోట కత్తిరించి, నీళ్లు పెట్టి, యూరియా కోసం పోయిన ఒక రైతన్నకు షాపు తలుపు మీద కాగితం కనిపించిందంట: లైసెన్సు సస్పెండ్. "షాపాయన్ని ఒక్క మాట అడగకుండానే ఆపేశారు. అట్లా చేయొచ్చా సార్?" అని అడిగాడు.

కొన్నిసార్లు చేయొచ్చు. కానీ ఆపేసి ఊరుకోవడానికి మాత్రం లేదు.

ఈ విషయంలో సుప్రీంకోర్టు చాలాసార్లు మాట్లాడింది. 1977లో మేనకా గాంధీ పాస్‌పోర్టు ఇచ్చేయమన్నారు, కారణం చెప్పలేదు. 1978లో కోర్టు చెప్పింది: చట్టంలో రాసి లేకపోయినా మనిషి మాట వినాలి, ముందు వినే టైము లేకపోతే ఆ వెంటనే అయినా వినాలి. 1981లో స్వదేశీ కాటన్ మిల్స్ కేసు. మిల్లుల యాజమాన్యాన్ని కేంద్రం అడగకుండా తీసేసుకుంది. ముందే వినాల్సిందని ఎక్కువమంది జడ్జిలు అన్నారు. కాదన్నది మన తెలుగువాడు, జస్టిస్ చిన్నప్పరెడ్డి.

1984లో లిబర్టీ ఆయిల్ మిల్స్ కేసులో తీర్పు రాసిందీ ఆయనే. దిగుమతి లైసెన్సుల గొడవ అది. విచారణ నడిచేటప్పుడు తాత్కాలికంగా ముందు ఆపొచ్చు, తరువాత వినొచ్చు అన్నారు. ఇంకో మాట కూడా ఉంది, అదే మనకు ముఖ్యం. ఆర్డరులో "మీ మాట చెప్పుకోండి" అని రాయకపోయినా, దెబ్బ తిన్నవాడు మళ్లీ చూడమని అర్జీ పెట్టుకునే హక్కు ఎప్పుడూ ఉంటుంది.

ఇప్పుడు ఎరువుల షాపు సంగతి. 1985 ఎరువుల నియంత్రణ ఉత్తర్వు, 31వ క్లాజు చూడండి. మామూలుగా విన్న తరువాతే సస్పెండ్ చేయాలి. ఆరోపణ రుజువైతే డీలరును వ్యాపారం నుంచి తప్పించాల్సినంత పెద్దదైతేనే నోటీసు లేకుండా ఆపొచ్చు. అప్పుడు కూడా తప్పేమిటో వెంటనే తెలపాలి, మాట వినాలి, ఆపిన తేదీ నుంచి 15 రోజుల్లో తుది ఆర్డరు ఇవ్వాలి. ఇవ్వకపోతే సస్పెన్షన్ దానంతట అదే పోయినట్టు లెక్క. కేసు మాత్రం పోదు, తరువాత చర్య తీసుకోవచ్చు. పురుగుమందుల షాపుకైతే 1968 చట్టం 14వ సెక్షన్ ఉంది: సంజాయిషీకి అవకాశం ఇచ్చాకే లైసెన్సు సస్పెండ్ చేయాలి.

చాలామంది డీలర్లు ఈ 15 రోజుల సంగతి తెలియక ఆఫీసు చుట్టూ తిరుగుతుంటారు. ఊరికే తిరిగితే రికార్డు ఉండదు. అర్జీ రాసి, తేదీతో రసీదు తీసుకుంటే కోర్టులో అదే పనికొస్తుంది.

గుడ్ల విషయంలో మాత్రం నాది వేరే అభిప్రాయం. పెబ్రిన్ తల్లి చిలుక నుంచి గుడ్డులోకి దిగుతుంది. అనుమానం ఉన్న లాటును నోటీసు పంపి, జవాబు వచ్చేదాకా అమ్మనిస్తే, పురుగులు రెండో జ్వరం లేచేసరికి మన షెడ్డులోనే ఉంటాయి. ఆ లాటును ఆ రోజే ఆపాలి. పరీక్ష రిపోర్టు చేతికిచ్చి, డీలరు మాట వినే పని కూడా అంతే తొందరగా జరగాలి. 2006 సవరణ తరువాత గుడ్లు తయారుచేసేవాళ్లు, అమ్మేవాళ్లు రిజిస్టర్ కావాల్సిందే కాబట్టి, కొనేటప్పుడు ఆ నంబరు, లాటు నంబరు బిల్లు మీద రాయించుకోండి. రేపు డీలరును ఆపినా, మీ అడ్వాన్సు అడగాలన్నా చేతిలో ఉండేది ఆ బిల్లే.